గోదాట్లో కలిపిన పుస్తకాలు

మాస్టారి పుస్తకాల గురించి రాయమని ఎవరో ఒకరు అడుగుతూనే ఉంటారు. ఐరోపా పునరుజ్జీవన కాలం మీద, ఆనాటి మానవవాదుల మీద ఇంగ్లీషులో అంత లోతుగా రాసిన మనిషి గోదావరి జిల్లాల్లో ఇంకొకరు లేరనీ, శిష్యురాలిని కాబట్టి నేను రాస్తే బాగుంటుందనీ అంటారు. బాగానే ఉంటుంది. కానీ ఆ పుస్తకాల పేరెత్తితే నాకు ముందు గుర్తొచ్చేవి దెబ్బలు. ఆయన కొట్టినవీ, నేను కొట్టినవీ. వాటిని పక్కనపెట్టి పెద్దమనిషి తరహాలో రాయమంటే నా వల్ల కాదు.

ముందు ఆయనేం రాశారో చెప్పాలి కదా. ఐదారు వందల ఏళ్ళ కిందట ఇటలీలో కొంతమంది పండితులు పాత మఠాల అటకలెక్కి, ఎలకలు కొట్టేసిన రాతప్రతులు వెతికి, దుమ్ము దులిపి, అసలు మనిషికి చదువెందుకు అన్న ప్రశ్నని మళ్ళీ మొదట్నుంచి అడిగారు. మనిషి మనిషిగా బతకడానికే చదువన్నారు. మాస్టారి పుస్తకాలన్నీ వాళ్ళ గురించే. ఒకటి వాళ్ళ ఉత్తరాల మీద, ఒకటి ఆ రాతప్రతుల వేట మీద, ఇంకొకటి వాళ్ళ తగాదాల మీద. ఆ మహానుభావులు ఒకరినొకరు లాటిన్‌లో తిట్టుకున్న తిట్లు మన వీధి కుళాయి దగ్గర కూడా వినపడవు. ఆ తగాదాల పుస్తకం రాసిన రెండేళ్ళూ మాస్టారు మహా హుషారుగా ఉండేవారు. తిట్టు దొరికిన రోజు పాఠం మానేసి మాకు దాని అర్థం విడమరిచి చెప్పేవారు.

మాస్టారి వాళ్ళది కొవ్వూరులో ఇత్తడి సామాన్ల కొట్టు. తండ్రి పోయాక కొట్టు తమ్ముడుగారు చూసుకున్నారు, చదువు ఈయన చూసుకున్నారు. పెళ్ళి చేసుకోలేదు. తమ్ముడి ఇంట్లోనే మేడ మీద రెండు గదుల్లో ఉండేవారు. ఆ గదుల్లో గోడలు కనపడేవి కావు, పుస్తకాలే. రోజూ వంతెన దాటి రాజమండ్రి వచ్చి మా కాలేజీలో స్పెషల్ ఇంగ్లీషు చెప్పేవారు. చంకలో పుస్తకం ఉన్నా లేకపోయినా చేతిలో రూళ్ళకర్ర మాత్రం ఉండాల్సిందే.

డిగ్రీ పిల్లల్ని కూడా కొట్టేవారా అని ఇప్పటివాళ్ళు నోరెళ్ళబెడతారు. కొట్టేవారండీ, శుభ్రంగా కొట్టేవారు. ఆలస్యంగా వస్తే మగపిల్లల చెంపలు వాయించేవారు. చదవకుండా వస్తే డస్టరు విసిరేవారు. ఆడపిల్లలకి రూళ్ళకర్ర. నేను ఆయన చదువుకునే పుస్తకం ఒకటి ఇంటికి తీసుకెళ్ళి, ఒకచోట నచ్చి, పేజీ మూల మడిచాను. అంతే నేను చేసిన ఘోరం. తిరిగిచ్చిన మర్నాడు క్లాసులో ఆ పుస్తకం ఎత్తి చూపించి, ఎవరిది ఈ పని అని అడిగారు. లేచి నిలబడ్డాను. చెయ్యి చాపమన్నారు. కర్రని పక్కకి తిప్పి అంచుతో కొట్టారు. మధ్యవేలి ఎముక విరిగిన చప్పుడు వెనక బెంచీ వరకూ వినపడిందట. ఆ పూట పాఠం మనిషి ఔన్నత్యం గురించి. గంట కొట్టేదాకా ఆపకుండా చెప్పారు. నేను వేలు పైటలో చుట్టుకుని కూర్చుని విన్నాను.

మా నాన్నకి రాజమండ్రిలో బట్టల కొట్టు ఉండేది. కట్టు కట్టించిన సాయంత్రం నన్ను వెంటబెట్టుకుని మాస్టారి ఇంటికి బయల్దేరితే, హమ్మయ్య, ఈ రోజు ఆయన పని అయిపోయిందనుకున్నాను. తీరా చూస్తే మా నాన్న సంచిలోంచి బత్తాయిలు తీసి బల్ల మీద పెట్టి, 'దండం దశగుణం భవేత్ అన్నారు కదండీ, మీ దయవల్ల మా పిల్లకి నాలుగక్షరాలు వస్తే చాలు' అని చేతులు జోడించాడు. నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. ఆ బత్తాయిలు తీసి ఇద్దరినీ కొట్టాలనిపించింది. కానీ అంత బాగా పాఠం చెప్పేవాడు మరొకడు లేడు. తిట్టుకుంటూనే వెళ్ళాను. తిట్టుకుంటూనే ఆయన దగ్గరే పీహెచ్‌డీ చేశాను, లెక్చరర్నయ్యాను. మధ్యవేలు మాత్రం ఇప్పటికీ పూర్తిగా ముడవదు.

నాకు కోపం ముక్కు మీదుంటుందని మా కాలేజీలో అందరికీ తెలుసు. అది నాకు అంటింది మా ఇంట్లోంచి కాదు.

కొన్నేళ్ళ కిందట మాస్టారి కొత్త పుస్తకం అచ్చుకి వెళ్ళే ముందు ప్రూఫులు దిద్దమని నాకు పంపారు. అందులో ఒక అధ్యాయం ఆనాటి పంతుళ్ళ గురించి. పిల్లవాడి మనసు బెత్తంతో తెరుచుకోదనీ, భయపడి నేర్చుకున్నది చదువు కాదనీ ఆ పండితులు నమ్మారని ఎంతో అందంగా రాశారు. చదివి ఒళ్ళు మండిపోయింది. అప్పటికప్పుడు బండి తీసి కొవ్వూరు వెళ్ళి, మేడెక్కి, ఆ కాయితాలూ నా మధ్యవేలూ ఆయన ముఖం ముందు పెట్టాను. 'ఇదేంటి మాస్టారూ? ఇది రాసిన చెయ్యీ ఇది విరగ్గొట్టిన చెయ్యీ ఒకటేనా?' అని అడిగాను.

ఆయన గుడ్లురిమి చూశారు. పక్కనున్న ఇత్తడి చెంబు నీళ్ళతో సహా నా మీదికి విసిరారు. నేను తప్పుకున్నాను. అప్పుడే తమ్ముడుగారు కాఫీ గ్లాసులు పట్టుకుని గుమ్మంలోకి వచ్చారు. చెంబు అంచు ఆయన కనుబొమ మీద తగిలింది. నెత్తురు కంట్లోకి కారుతుంటే ఆయన కండువాతో అదుముకుని, వంగి గ్లాసులు ఏరుకుని, కాఫీ మళ్ళీ పెట్టిస్తానమ్మా అని నాతో చెప్పి కిందికి వెళ్ళిపోయారు. ఆయన్ని నేను బాబాయిగారూ అని పిలుస్తాను. అరవై దాటిన మనిషి.

వెళ్ళేటప్పుడు కింద ఆయన భార్యని అడిగితే, ఇదేమైనా కొత్తా అమ్మా అంది. చిన్నప్పుడు పుస్తకం ముట్టుకున్నాడని కొట్టేవారట, పెద్దయ్యాక పద్దు తప్పు చెప్పాడని కొట్టేవారట. కొడుకు పుట్టాక కూడా, ఆ కొడుకు ముందే చెయ్యి చేసుకునేవారట. ఎందుకు కొట్టావన్నయ్యా అని ఈయన ఒక్కసారీ అడిగింది లేదు. బయట మాత్రం మా అన్నయ్య రాసిన పుస్తకాలు లండన్‌లో అమ్ముతారని కొట్టుకొచ్చిన ప్రతివాడికీ చెప్పేవారు. ఇది విని బాబాయిగారి మీద జాలికంటే కోపమే ఎక్కువ వచ్చింది నాకు. అలా ఎలా పడి ఉంటారండీ మనుషులు?

ఆ చెంబు దెబ్బ తరవాత మాస్టారు చాలా రోజులు ఫోను చెయ్యలేదు. చేసిన రోజు, ఇంకో పుస్తకం మొదలుపెడుతున్నానన్నారు. బెత్తం వద్దని రాసిన పండితులు బెత్తం ఎందుకు కింద పెట్టలేకపోయారన్నది విషయం. ఆనాటి వాళ్ళ బడుల్లో వీపులు చిట్లిన పిల్లల గోడు తవ్వి తీస్తూ వచ్చారు. పని సగంలో ఉండగా పక్షవాతం వచ్చి కుడిచెయ్యి పడిపోయింది. కొట్టే చెయ్యి. అప్పుడూ మానలేదు. ఎడమచేత్తో, పెన్సిల్‌తో, చదివే పుస్తకాల అంచుల్లోనే కోడిగీతలు గీకుతూ కూర్చునేవారు. ఒక ఆదివారం నన్ను పిలిచి మంచం పక్కన కూర్చోమన్నారు.

"కొట్టినవాడు రాస్తే సమర్థించుకున్నట్టు అవుతుందే. దెబ్బలు తిన్నవాళ్ళు రాయాలి. చివరి అధ్యాయం నీది. నేను ఎవర్ని కొట్టానో, ఎందుకు కొట్టానో, గుర్తొచ్చినప్పుడల్లా ఈ పుస్తకాల అంచుల్లో రాస్తున్నాను. నేను పోయాక అన్నీ తీసుకుపో."

ఈ మాట బాబాయిగారికి కూడా ఒకసారి చెప్పండి మాస్టారూ అన్నాను. వాడికి చెప్పేదేంటి, వాడు నేనెలా అంటే అలా వింటాడు అన్నారు. ఆ ఇంట్లో ఆయన తమ్ముడికి పుస్తకాల గురించి చెప్పిన మాట ఒక్కటే ఉంది. అది నేనూ చెవులారా విన్నాను: కిలోల లెక్కన అమ్మావంటే నరికి గోదాట్లో పారేస్తా.

నిరుడు ఆషాఢంలో మాస్టారు పోయారు. దహనం రోజు వాళ్ళింటికి వెళ్ళాను. ఏడవలేదు. ఆ మేడ మీది గదుల వంక చూస్తూ నిలబడ్డాను. అడగాలని నాలిక చివరిదాకా వచ్చింది. కానీ మైల తీరకుండా, పోయినవాళ్ళ వస్తువులు ఎప్పుడు పట్టుకెళ్ళను అని అడగడం మనలో ఎంత అసహ్యం! కాకిలా వాలిందంటారు. పెద్దకర్మ అయ్యాక వచ్చి మర్యాదగా అడిగి తీసుకెళ్దామనుకుని ఇంటికొచ్చేశాను. నేనలా మర్యాద పాటిస్తుంటే అక్కడ తమ్ముడుగారు ఆయన ధర్మం ఆయన పాటించారు.

ఆయనకి భయం పట్టుకుంది. పుస్తకాలు అమ్మకూడదు, అన్నయ్య మాట. ఇంట్లో ఉంచితే వానాకాలం చెదలు, అన్నయ్యకి కోపం. గ్రంథాలయంలో ఇస్తామంటే బీరువాల్లేవన్నారు. కాలేజీలో ఈ ఇంగ్లీషు పుస్తకాలు ఇప్పుడెవరు చదువుతారన్నారు. పురోహితుణ్ణి అడిగారు. చిరిగిన రామాయణం, పాత పంచాంగం, రంగుపోయిన దేవుడి పటం మనమేం చేస్తాం? చెత్తలో వెయ్యం కదా, గోదాట్లో వదులుతాం. సరస్వతిని కాటాకెక్కించడం కంటే అదే మేలన్నాడు పురోహితుడు. నన్ను అడగాలని వాళ్ళకి ఎందుకు తట్టలేదంటారా? పోయినవాడి సామాను పరాయి ఆడపిల్లకి అంటగడితే దోషం తగులుతుందని నా మంచికోరే మానేశారట.

అస్థికలు కలిపే రోజు పొద్దున్నే ఎదురింటావిడ ఫోను చేసింది. మాస్టారి పుస్తకాలు గోనెసంచుల్లో కట్టి ఆటోల్లో ఎక్కిస్తున్నారు, మీ ఇంటికేనా అండీ అని అడిగింది. మా ఇంటికి కాదు. రేవుకి వెళ్తున్నారంది. నాకు ఒక క్షణం అర్థం కాలేదు. అర్థమయ్యాక చెప్పులు కూడా వేసుకోకుండా బండెక్కాను. వంతెన మీద లారీ వెనక లారీ. హారన్ మీద చెయ్యి తియ్యకుండా, అడ్డొచ్చిన ప్రతివాణ్ణీ పెద్దా చిన్నా చూడకుండా తిట్టాను. కింద ఎర్రనీరు సుళ్ళు తిరుగుతూ పోతోంది.

నేను రేవు చేరేసరికి అస్థికల కుండ కలిపేశారు. మెట్లకి కొంచెం ఎడంగా నాటుపడవ ఉంది. అందులో పురోహితుడు, తమ్ముడుగారు, ఆయన కొడుకు, పడవవాళ్ళు. గుండుతో, తడి పంచెతో తమ్ముడుగారు గోనెసంచిలోంచి ఒక్కొక్క పుస్తకమే తీస్తున్నారు. రెండు చేతులతో పట్టుకుని, కళ్ళకద్దుకుని, మెల్లగా నీళ్ళలో వదులుతున్నారు. పుస్తకం ఒకసారి విచ్చుకుని, అటూ ఇటూ తిరిగి, ప్రవాహానికి కొట్టుకుపోతోంది. ఖాళీ సంచులు మడిచి ఒక పక్కన పేర్చారు. నిండు సంచి ఒక్కటే మిగిలింది.

ఆపండి అని నేను అరిచిన అరుపుకి పిండాలు పెట్టుకుంటున్నవాళ్ళు కూడా తలెత్తారు. తమ్ముడుగారు నన్ను చూసి ముఖమంతా విప్పారి, చెయ్యి ఊపి పిలిచారు.

"రండమ్మా. సమయానికి వచ్చారు. ఆయనకి మీరంటే ప్రాణం, మీ చేత్తో కూడా ఒకటి వదలండి."

పడవలోంచి వంగి ఒక పుస్తకం నాకేసి చాచారు. నేను నడుంలోతు నీళ్ళలోకి దిగి అది అందుకున్నాను. తగాదాల పుస్తకం, గట్టి అట్ట, ఇటుకంత బరువు. రెండు చేతులా పట్టుకుని ఆయన మూతి మీద కొట్టాను. పళ్ళు అట్టకి తగిలిన దెబ్బ నా మోచేతుల దాకా తెలిసింది. ఆయన వెనక్కి పడ్డారు. పడవ ఒరిగి పురోహితుడు నీళ్ళలో పడ్డాడు. కొడుకు ఒక్క దూకు దూకి నా జుట్టు పట్టుకుని తలని నీళ్ళలో ముంచాడు. మట్టినీళ్ళు ముక్కులోకి పోతుంటే దొరికినచోట కొరికాను, ముంజేయి దొరికింది. చర్మం తెగేదాకా వదల్లేదు. వాడు కెవ్వుమని వదిలేశాక పడవ ఎక్కి, ఆ మిగిలిన సంచిని రెండు చేతులా వాటేసుకుని పడుకున్నాను. వాడు లాగబోతే గుండెల మీద తన్నాను. పడవవాళ్ళు వాణ్ణొకపక్కకీ నన్నొకపక్కకీ ఈడ్చారు. వాళ్ళనీ రక్కాను.

రేవులో జనం మూగారు. ఎవరో పిచ్చిదంటున్నారు. ఎవరో పోలీసులంటున్నారు. నాకేం పట్టలేదు. మెట్ల మీద కూర్చోబెట్టిన తమ్ముడుగారి ముందు నిలబడి నోటికొచ్చినట్టు తిట్టాను. ఆయన అరచేతిలో నెత్తురూ, ఒక పన్నూ. ఇలా చెయ్యడానికి మీకు చేతులెలా వచ్చాయని అడిగాను. ఆయన నోరు తుడుచుకుని, అంత దెబ్బ తిన్నా నాతో మర్యాదగానే మాట్లాడారు.

"అన్నయ్యకి అక్కడ చదువుకోడానికి ఉండద్దా అమ్మా? పుస్తకం లేకపోతే ఆయన ఊరుకోడండి. ఎవర్నో ఒకర్ని కొడతాడు."

ఇంకా కొట్టాలనే ఉంది, చెయ్యి లేవలేదు. కొడుకు ఆయన్ని ఆటోలో ఎక్కించి ఆసుపత్రికి తీసుకెళ్ళాడు. నేను తడిబట్టలతో వెనకే వెళ్ళాను. పెదవికి కుట్లు వేయించారు. కేసు పెడతానని కొడుకు అరుస్తుంటే, అప్పుడు చెప్పాను వాడికి, ఆ పుస్తకాల అంచుల్లో ఏముందో. మీ పెదనాన్న ఎవర్ని ఎందుకు కొట్టాడో రాసుకున్నాడు, అవి లేకపోతే ఆయన చివరి పుస్తకం పూర్తికాదు అన్నాను. కేసు పెట్టలేదు.

దిగువన వల వేసేవాళ్ళకి దొరికినవి కొన్ని, సంచిలోవి కొన్ని మా ఇంటికొచ్చాయి. హాలంతా పరిచి, ఫాన్లు వేసి ఆరబెట్టాను. సిరాతో రాసినవి చెరిగిపోయాయి. పెన్సిల్ రాతలు మాత్రం చెక్కుచెదరలేదు. ఒకచోట నా గురించి ఉంది. 'ఆ పిల్ల మడిచిన పేజీ తెరిచి చూస్తే, ఇన్నేళ్ళుగా నేను చదివి దాటేసిన వాక్యం అక్కడుంది, నాకు కనపడనిది దానికి కనపడింది, అందుకు కొట్టాను, పేజీ మడిచినందుకు కాదు' అని రాశారు. చదివి నేనేం కరిగిపోలేదు. ఆ పుస్తకం గోడకేసి కొట్టాను. అట్ట ఊడిపోయింది. తరవాత జిగురు పెట్టి అతికించాను.

పెదవి మానాక తమ్ముడుగారు కబురు పెట్టారు. కొట్టుకి వెళ్ళాను. బిందెల మధ్య కుర్చీ వేసి, మజ్జిగ తెప్పించి, నేను తాగేదాకా ఏమీ అడగలేదు. ముందు పన్ను లేక మాట కాస్త జారుతోంది. కొడుకు చెప్పాడమ్మా అన్నారు. దొరికినవన్నీ చదివారా అన్నారు. చదివానన్నాను. ఆయన కౌంటరు మీద లేని దుమ్ము తుడుస్తూ అడిగారు.

"నన్నెందుకు కొట్టేవాడో ఎక్కడైనా రాశాడా అమ్మా?"

ఆ ప్రశ్న వస్తుందని నాకు తెలుసు. ప్రతి పేజీ రెండుసార్లు తిప్పాను. కాలేజీ కుర్రాళ్ళున్నారు, ఒక అటెండరు ఉన్నాడు, నేనున్నాను. ఆయన లేరు. అబద్ధం చెప్పొచ్చు. ఏదో ఒక ముక్క కల్పించి చెబితే ఆయన సరిపెట్టుకుంటారు కూడా. కానీ జీవితమంతా తన్నులు తిన్న మనిషికి నా బోటిది కల్పించి చెప్పడమేంటి? దొరికినవాటిలో లేదు బాబాయిగారూ అన్నాను.

ఆయన తుడవడం ఆపి, గుడ్డ మడిచి కౌంటరు మీద పెట్టారు.

"మొదటి సంచిలో ఉండుంటాయమ్మా. మంచం పక్కన ఉండేవి. అన్నిటికంటే నలిగిపోయి, పెన్సిల్ రాతలు ఎక్కువున్నవి. ఆయన బాగా చదివేవి కదా, ముందు అవే అందాలని వాటినే ముందు వదిలాను."

అని రెండు చేతులూ ఎత్తి లెంపలు వేసుకోవడం మొదలుపెట్టారు. గుడిలో వేసుకునే లెంపలు కావవి. ఒక్కొక్క దెబ్బకి తల పక్కకి తిరుగుతోంది. కుట్టు పడ్డ పెదవి మళ్ళీ చిట్లి నెత్తురొచ్చింది. కొట్టులో బేరానికొచ్చినవాళ్ళు నిలబడిపోయారు. కౌంటరు దాటి వెళ్ళి ఆయన మణికట్లు రెండూ పట్టుకుని, వద్దు బాబాయిగారూ, ఇంక వద్దు అంటున్నాను. నా చేతుల్లోంచి విడిపించుకుని ఆయన మళ్ళీ కొట్టుకున్నారు.